చౌర్యప్రతి నామధేయం: ఆన్‌లైన్ పైరసీలో ఫైళ్ల నామకరణ సంప్రదాయం – తెలుగు, దక్ఖనీ చిత్రాల సందర్భం

వ్యాససంగ్రహం

అనుమతి లేకుండా అంతర్జాలంలో తిరిగే సినిమా ప్రతులకు పెట్టే పేర్లు పైకి అర్థంకాని అక్షరాల గుంపులా కనిపిస్తాయి. నిజానికి అవి కచ్చితమైన పదక్రమం, పరిమిత పదజాలం, తప్పొప్పుల నిర్ణయపద్ధతి గల ఒక చిన్న భాష. ఆ భాష నిర్మాణాన్నీ, అది పుట్టిన కారణాలనూ, తెలుగునాట అది పొందిన మార్పులనూ ఈ వ్యాసం వివరిస్తుంది. హైదరాబాద్ పాతబస్తీ మాటతో తయారైన దక్ఖనీ చిత్రాలకు ఈ నామకరణంలో స్వంత స్థానం లేకపోవడాన్ని ప్రత్యేకంగా పరిశీలిస్తుంది. తాళపత్ర ప్రతుల పుష్పికలతో పోల్చి, ఫైలు పేరును ఆధారంగా స్వీకరించడంలో పరిశోధకులు పాటించవలసిన జాగ్రత్తలను సూచిస్తుంది.

కీలకపదాలు: ఫైలు పేరు, పైరసీ, నామకరణం, దక్ఖనీ, పుష్పిక, లిప్యంతరీకరణ, చలనచిత్ర చరిత్ర.

1. ఉపోద్ఘాతం

పైరసీ గురించి తెలుగులో వెలువడే రచనలు ఎక్కువగా నిర్మాతల నష్టం చుట్టూ, శిక్షల చుట్టూ తిరుగుతాయి. 2013 సెప్టెంబరులో ‘అత్తారింటికి దారేది’ చిత్రంలోని ప్రథమార్ధం విడుదలకు ముందే బయటికి పొక్కడం, ఆ కారణంగా చిత్రం విడుదలను సెప్టెంబరు 27కు ముందుకు జరపడం అందరికీ తెలిసినవే. 2025 నవంబరులో ‘ఐబొమ్మ’ నిర్వాహకుడన్న ఆరోపణపై ఒక వ్యక్తిని హైదరాబాద్ సైబర్ క్రైమ్ పోలీసులు అరెస్టు చేయడం కూడా విస్తృతంగా చర్చకు వచ్చింది. ఈ చర్చలన్నిటిలోనూ ప్రతి ఎవరిది, నష్టం ఎంత అన్న ప్రశ్నలే ప్రధానం. ఆ ప్రతికి ఒక పేరు ఉంటుందనీ, ఆ పేరుకు ఒక వ్యాకరణం ఉంటుందనీ పరిశీలించినవారు తక్కువ.

ఈ పరిశీలన భాషాసాహిత్య విద్యార్థులకు రెండు విధాల అవసరం. మొదటిది, ఎవరూ బోధించకుండా, ఏ ప్రభుత్వమూ శాసించకుండా, పరస్పరం ముఖపరిచయం లేని వేలమంది మధ్య ఒక కృత్రిమ భాష స్థిరపడిన తీరు ఇక్కడ కనిపిస్తుంది. రెండవది, సినిమా ఇప్పుడు తెలుగు పరిశోధనలో గుర్తింపు పొందిన విషయం. పాతచిత్రాలను చూడడానికి పరిశోధకుల చేతికి దొరికే ప్రతి చాలాసార్లు ఒక ఫైలే. దాని పేరు చెప్పే సంవత్సరాన్నీ, భాషనూ, నిడివినీ నమ్మితే ఆ పొరపాటు సిద్ధాంతవ్యాసంలోకి చేరుతుంది. అక్కడి నుండి మరో సిద్ధాంతవ్యాసంలోకి ప్రవహిస్తుంది.

2. పేరు నిర్మాణం

ఈ సంప్రదాయంలో పేరు కొన్ని అంగాలుగా విడిపోతుంది. ఉదాహరణ కోసం కల్పించిన ఒక నమూనాను తెలుగు లిపిలో ఇలా రాయవచ్చు:

సినిమా.పేరు.2015.తెలుగు.1080పీ.వెబ్-డీఎల్.డీడీ5.1.హెచ్.264-బృందం

ఇందులో మొదటి అంగం శీర్షిక. రెండవది విడుదల సంవత్సరం. తర్వాత వరుసగా భాష, చిత్రస్ఫుటత, మూలం, శబ్దరీతి, సంకేతీకరణ పద్ధతి వస్తాయి. చివర అడ్డగీత తర్వాత ఆ ప్రతిని సిద్ధం చేసిన బృందం పేరు ఉంటుంది. ‘1080పీ’ అంటే 1920 అడ్డు, 1080 నిలువు బిందువుల చిత్రం. ‘హెచ్.264’ అన్నది 2003లో వెలువడిన దృశ్య సంకేతీకరణ ప్రమాణం. ‘డీడీ5.1’ అన్నది ఆరు మార్గాల డాల్బీ శబ్దం.

సంవత్సరం అలంకారం కాదు, భేదకం. ‘దేవదాసు’ పేరుతో తెలుగులో 1953లో ఒకటి, 1974లో ఒకటి, 2006లో ఒకటి చిత్రాలు వచ్చాయి. ‘మాయాబజార్’ పేరు 1936, 1957, 2006 సంవత్సరాల చిత్రాలకు ఉంది. కేవలం శీర్షికతో వెతికేవారికి సంవత్సరమే దారి చూపుతుంది. గ్రంథాలయ సూచికలలో సమాననామం గల రచయితలను జననసంవత్సరంతో వేరుచేసే పద్ధతికీ దీనికీ తేడా లేదు.

పదక్రమం కూడా గమనించదగినది. తెలుగులో విశేషణం సాధారణంగా విశేష్యానికి ముందు వస్తుంది. ఇక్కడ విశేష్యమైన శీర్షిక ముందుండి, విశేషణాలన్నీ తర్వాత బారులు తీరుతాయి. వ్యాకరణంలో ‘కపోతవృద్ధము’ వంటి విశేషణోత్తరపద కర్మధారయాన్ని ఇది గుర్తు చేస్తుంది. విభక్తులు లేవు, క్రియ లేదు. అయినా అర్థబోధకు ఆటంకం లేదు. ఆకాంక్ష, యోగ్యత, సన్నిధి అని శాబ్దబోధకు చెప్పే మూడు హేతువులలో సన్నిధి ఇక్కడ ప్రధానభారం వహిస్తుంది. ‘2012’ అన్న సంఖ్య శీర్షికలో భాగమా, సంవత్సరమా అన్నది అది నిలిచిన చోటును బట్టే తెలుస్తుంది. సంఖ్యనే పేరుగా పెట్టుకున్న చిత్రం విషయంలో యంత్రాలు పొరబడేది ఇందువల్లనే.

3. నియమాలు ఎందుకు పుట్టాయి

ఈ పద్ధతి సినిమాతో మొదలు కాలేదు. 1980లలో కంప్యూటర్ ఆటలను, సాఫ్ట్‌వేర్‌ను రక్షణ ఛేదించి పంచుకున్న బృందాల మధ్య దీని పునాదులు పడ్డాయి. డాస్ కాలంలో ఫైలు పేరుకు ఎనిమిది అక్షరాలు, ఉత్తరభాగానికి మూడు అక్షరాలు మాత్రమే అనుమతి. అంత ఇరుకులో వివరాలు ఇమడవు కనుక పక్కన ‘ఎన్ఎఫ్ఓ’ అనే చిన్న పాఠ్యఫైలును జోడించడం అలవాటైంది. విడుదల చేసిన బృందం, తేదీ, సాంకేతిక వివరాలు అందులో ఉండేవి. పొడవైన పేర్లకు అవకాశం వచ్చాక ఆ వివరాలలో ముఖ్యమైనవి పేరులోకే ఎక్కాయి.

పదాల మధ్య చుక్క పెట్టడానికి కారణం సాంకేతికం. ఆదేశాలను అక్షరాలతో టైపు చేసే వ్యవస్థల్లో ఖాళీ స్థలం ఒక మాట ముగిసిందన్న గుర్తు. పేరు మధ్యలో ఖాళీ వస్తే ఆదేశం రెండుగా చీలుతుంది. ప్రశ్నార్థకం, నక్షత్రం, కోలన్ వంటి గుర్తులను విండోస్ ఫైలు పేరులో అనుమతించదు. అందువల్ల రోమన్ అక్షరాలు, అంకెలు, చుక్క, అడ్డగీత, కిందిగీత మాత్రమే మిగిలాయి. శీర్షికలో కవి లేదా దర్శకుడు ఉద్దేశపూర్వకంగా ఉంచిన ప్రశ్నార్థకం ఫైలు పేరులో లుప్తమవుతుంది.

ఈ బృందాల సమాహారాన్ని వారి పరిభాషలో ‘సీన్’ అంటారు. దానికి లిఖిత నియమావళులు ఉన్నాయి. ప్రముఖ బృందాలు కలిసి సంతకాలు చేసి ప్రకటించే ఆ పత్రాలు ఏ సంకేతీకరణ వాడాలి, పేరులో ఏ అంగం ఎక్కడ ఉండాలి అన్నది నిర్దేశిస్తాయి. 2012 ఫిబ్రవరిలో టెలివిజన్ కార్యక్రమాలకు పాత ‘ఎక్స్‌విడ్’ పద్ధతిని విడిచి ‘ఎక్స్264’ను తప్పనిసరి చేసినది అటువంటి పత్రమే. చట్టాన్ని ఉల్లంఘించే సమూహం తన అంతర్గత చట్టాన్ని ఇంత నిష్ఠగా పాటించడం విచిత్రంగా తోచవచ్చు. కాని దానికి వారి దృష్టిలో హేతువు ఉంది. అక్కడ గౌరవం మొదట విడుదల చేసినవారికే దక్కుతుంది. ఒకే చిత్రాన్ని ఒకే రూపంలో రెండవసారి విడుదల చేస్తే అది ‘డూప్’, అనగా పునరుక్తి. రెండు విడుదలలు ఒకటేనా కావా అన్నది తేల్చాలంటే పేర్లు ఒకే అచ్చులో ఉండాలి. నామకరణ నియమం ఇక్కడ పోటీకి కొలమానం.

నియమం తప్పిన విడుదలను ‘న్యూక్’ చేస్తారు, అంటే దోషయుక్తమని ముద్రవేస్తారు. ఇతర బృందం విడుదలలోని దోషాన్ని సవరించి తెచ్చిన ప్రతికి ‘ప్రాపర్’ అనీ, తమ దోషాన్ని తామే దిద్దుకున్న ప్రతికి ‘రీప్యాక్’ అనీ పేరులో చేరుస్తారు. సాహిత్య పరిష్కరణలో ‘సంస్కృత ప్రతి’, ‘ద్వితీయ ముద్రణ’ అన్న మాటలు చేసే పని ఇవి చేస్తాయి. ఫైలు దారిలో చెడిందో లేదో తెలుసుకోవడానికి ‘ఎస్ఎఫ్‌వీ’ అనే జాబితా ఉంటుంది. ప్రతి ముక్కకూ గణించిన ఒక సంఖ్య అందులో ఉంటుంది. గ్రహీత తన దగ్గరి ముక్కలకు అదే గణన చేసి సరిపోల్చుకుంటాడు. ఒక అక్షరం మారినా సంఖ్య మారుతుంది.

4. మూలాన్ని చెప్పే మాటలు

పేరులో అత్యంత విలువైన అంగం మూలసూచి. ప్రతి ఎక్కడి నుండి వచ్చిందో అది చెబుతుంది. థియేటర్‌లో కెమెరాతో తీసినది ‘క్యామ్’. దృశ్యం కెమెరాదే అయినా శబ్దాన్ని నేరుగా వ్యవస్థ నుండి గ్రహించినది ‘టీఎస్’, అంటే టెలిసింక్. ఫిల్ముచుట్ట నుండి యంత్రంతో మార్చినది ‘టీసీ’. పురస్కార నిర్ణేతలకు, సమీక్షకులకు పంపిన పరిశీలన ప్రతి నుండి వచ్చినది ‘స్క్రీనర్’. డిస్కు నుండి తీసినవి ‘డీవీడీరిప్’, ‘బీడీరిప్’. ప్రసార వేదికల నుండి మార్పులేకుండా దించినది ‘వెబ్-డీఎల్’, తిరిగి సంకేతీకరించినది ‘వెబ్‌రిప్’. ఏ వేదిక నుండి వచ్చిందో చెప్పే పొట్టి అక్షరాలను కూడా తరచుగా దీనికి ముందు చేరుస్తారు. తెలుగుకే ప్రత్యేకించిన ‘ఆహా’ వేదిక 2020లో మొదలయ్యాక అటువంటి సంక్షిప్తాలలో తెలుగు పేరు కూడా చేరింది.

భారతీయ పైరసీ ఈ పదజాలాన్ని తీసుకొని తన అవసరాలకు వంచుకుంది. ‘ప్రీ-డీవీడీ’ అన్న మాట అందుకు మంచి నిదర్శనం. డీవీడీ రాకముందు వచ్చినది అని దాని వాచ్యార్థం. థియేటర్‌లో తీసిన ప్రతి అని వ్యవహారార్థం. ‘క్యామ్’ అంటే నాసిరకమని వినియోగదారుకు తెలిసిపోయింది కనుక దానికి మర్యాదపూర్వకమైన మారుపేరు పుట్టింది. మంగళభాషితం సాంకేతిక పదజాలంలోకి ప్రవేశించిన తీరు ఇది. ‘డీవీడీ స్క్రీనర్’ పరిస్థితీ అంతే. పరిశీలన ప్రతులను డిస్కుల రూపంలో పంపే హాలీవుడ్ పద్ధతికి చెందిన ఆ మాటను, థియేటర్‌లో తీసిన తెలుగు చిత్రాల ప్రతులకు తగిలించారు. ‘హెచ్‌క్యూ’, ‘ట్రూ’, ‘అన్‌టచ్‌డ్’, ‘ఒరిజినల్ ఆడియో’ వంటి మాటలు వరుసగా చేరాయి. అబద్ధపు ‘వెబ్-డీఎల్’లు పెరిగినందువల్లనే ‘ట్రూ వెబ్-డీఎల్’ అని చెప్పవలసి వచ్చింది. నాణెంలో వెండి తగ్గినకొద్దీ దానిపై ముద్ర పెద్దదైనట్లు, మాటకు విలువ తగ్గినకొద్దీ దానికి విశేషణాలు పెరిగాయి.

ఈ తేడాకు మూలం ఆర్థికం. పాశ్చాత్య బృందాల్లో పేరు లక్ష్యం సహచరుల గుర్తింపు; అబద్ధం చెబితే ‘న్యూక్’ అవుతుంది. ఇక్కడి వెబ్‌సైట్ల లక్ష్యం ప్రకటనల రాబడి. పేరు పని సందర్శకుణ్ణి ఆకర్షించడం. అందుకే బృందనామం చివరి నుండి మొదటికి జరిగింది. భారతీయ నమూనా సాధారణంగా ఇలా ఉంటుంది:

వెబ్‌సైట్.కామ్ - సినిమా పేరు (2015) ట్రూ వెబ్-డీఎల్ - 1080పీ - (తెలుగు + తమిళం + హిందీ) - 2.5జీబీ - ఈసబ్

వెబ్‌సైట్ పేరు ముందుకు రావడంతో ఒక ప్రయోజనం దెబ్బతింది. అకారాది క్రమంలో పేర్చితే అన్ని చిత్రాలూ వెబ్‌సైట్ పేరు కింద ఒకేచోట చేరతాయి. శీర్షికను బట్టి వెతకడానికి పుట్టిన పద్ధతి విక్రేత బోర్డుగా మారింది. తర్వాతి దశలో నేరుగా వెబ్‌సైట్‌లోనే చూపించే పద్ధతి వచ్చాక ఫైలు పేరు ప్రేక్షకుడి కంటికి కనిపించడమే మానింది. మిగిలినది వెబ్‌సైట్ పేరు ఒక్కటే. థియేటర్ల వద్ద ‘బొమ్మ పడింది’ అనే పలుకుబడిలోని ‘బొమ్మ’ ఒక పైరసీ వెబ్‌సైట్ పేరులో చేరి ఇంటింటా వినిపించడం ఈ పరిణామానికి పరాకాష్ఠ.

5. ‘700ఎంబీ’: సీడీ మిగిల్చిన జాడ

తెలుగు ఫైళ్ల పేర్లలో పరిమాణం తప్పక కనిపిస్తుంది. అందులో 700ఎంబీ అన్న సంఖ్య పదేపదే వస్తుంది. దానికి కారణం ఒక సీడీలో పట్టే సమాచారం అంతే కావడం.

1993లో ప్రమాణంగా వెలువడిన వీడియో సీడీలో సుమారు 74 నుండి 80 నిమిషాల చిత్రం పడుతుంది. రెండున్నర గంటల తెలుగు సినిమాకు రెండు, కొన్నిటికి మూడు డిస్కులు అవసరమయ్యేవి. అందువల్లనే పాత పేర్లలో ‘సీడీ1’, ‘సీడీ2’ అన్న అంగం ఉంటుంది. ఒకటో డిస్కు ముగిసేచోటు తరచుగా విశ్రాంతి దరిదాపుల్లో పడేది. మెరుగైన సంకేతీకరణ వచ్చాక మొత్తం చిత్రాన్ని ఒకే సీడీలో ఇమిడ్చే వీలు కలిగింది. సీడీలు కనుమరుగైనా ఆ కొలత మాత్రం పేరులో నిలిచిపోయింది. బండ్లు మారినా బండిబాట మిగిలినట్లు ఒక భౌతిక వస్తువు కొలత భాషలో శిలాజమైంది.

హైదరాబాద్ పాతబస్తీలో సీడీలకు ఒక ప్రత్యేక కాలం ఉంది. 2000ల మధ్యలో చార్మినార్ చుట్టుపక్కల మాట్లాడే దక్ఖనీలో చిత్రాలు వచ్చాయి. ‘ది ఆంగ్రేజ్’, 2006లో వచ్చిన ‘హైదరాబాద్ నవాబ్స్’ వాటిలో ప్రసిద్ధమైనవి. ‘ది ఆంగ్రేజ్’లోని ఇస్మాయిల్ భాయ్, సలీం ఫేకు పాత్రల సంభాషణలు నగరంలో సామెతలంతటి ప్రచారం పొందాయి. తక్కువ వ్యయంతో, పెద్ద తారలు లేకుండా వచ్చిన ఇటువంటి చిత్రాలకు థియేటర్ ఆయుష్షు పరిమితం. డిస్కు, ఆ తర్వాత సెల్‌ఫోన్ మెమరీ కార్డు వాటి ముక్కలను ఇంటింటికీ చేర్చాయి. మొబైల్ దుకాణంలో కొంత డబ్బిచ్చి కార్డులో పాటలు, హాస్యసన్నివేశాలు ‘ఎక్కించుకోవడం’ 2016 సెప్టెంబరులో జియో వచ్చి డేటా ధరలు తగ్గేవరకు సర్వసాధారణం. ఆ కార్డులలో ‘సీన్’ నియమాలు ఏవీ పనిచేయలేదు. చిన్న తెరమీద మొదటి కొన్ని అక్షరాలే కనిపిస్తాయి కనుక పాత్రపేరో, సంభాషణలోని మాటో ఫైలు పేరయ్యేది. శీర్షిక, సంవత్సరం, దర్శకుడు ఆ ప్రయాణంలో రాలిపోయారు. మౌఖిక సాహిత్యంలో కర్తృత్వం లుప్తమయ్యే క్రమమే ఇది, వేరొక మాధ్యమంలో.

6. భాషాంగంలో దక్ఖనీ లేదు

నామకరణంలో అసలైన చిక్కు భాషాంగం వద్ద వస్తుంది. భారతీయ ఫైళ్లలో తెలుగు, తమిళం, హిందీ, మలయాళం, కన్నడం మొదలైనవాటికి మూడక్షరాల సంక్షిప్తాలు స్థిరపడ్డాయి. దక్ఖనీకి అటువంటి సంక్షిప్తం వాడుకలో లేదు. పాతబస్తీ చిత్రం ‘హిందీ’ అన్న చీటీతోనో, అరుదుగా ‘ఉర్దూ’ అన్న చీటీతోనో తిరుగుతుంది.

ఈ లోపం పేరు పెట్టినవారి అజ్ఞానం మాత్రమే కాదు. ఫైలు లోపల ప్రతి శబ్దమార్గానికీ ఒక భాషాసంకేతం ఉంటుంది. విస్తృతంగా వాడే ఎంపీ4, మట్రోస్కా ఫైలు రూపాలు చాలాకాలం ఐఎస్ఓ 639-2 అనే ప్రమాణంలోని మూడక్షరాల సంకేతాలపైనే ఆధారపడ్డాయి. అందులో తెలుగుకు ‘టీఈఎల్’, హిందీకి ‘హెచ్ఐఎన్’, ఉర్దూకు ‘యూఆర్‌డీ’ ఉన్నాయి. దక్ఖనీకి విడి సంకేతం లేదు. 2007లో వెలువడిన 639-3 ప్రమాణం దక్ఖనీకి ‘డీసీసీ’ అన్న సంకేతాన్ని ఇచ్చింది. అంటే ప్రపంచ భాషల పట్టికలో దక్ఖనీకి చోటు దొరికింది. ఫైలులో, ఫైలు పేరులో దొరకలేదు.

దీని పర్యవసానం చిన్నది కాదు. ‘హిందీ’ అని వెతికేవారికి ఈ చిత్రం వేల హిందీ చిత్రాల నడుమ మునిగిపోతుంది. ‘దక్ఖనీ’ అని వెతికేవారికి అసలు దొరకదు. యంత్రాలకు భాషలు నేర్పడానికి ఇటువంటి చీటీలున్న శబ్దసంచయాలను సేకరిస్తే, ‘నక్కో’, ‘హౌ’, ‘కైకు’ వంటి రూపాలు హిందీలోని దోషాలుగా లెక్కకు వస్తాయి. తెలుగు, మరాఠీ, కన్నడాలతో శతాబ్దాల సహజీవనంలో రూపుదిద్దుకున్న ఒక భాష, తన స్వంత పేరు లేనందువల్ల, మరొక భాషకు అపభ్రంశంగా నమోదవుతుంది. మహమ్మద్ కులీ కుతుబ్ షా దక్ఖనీ కవిత్వాన్ని కన్న నగరంలో, 1591లో ఆయన కట్టించిన చార్మినార్ నీడన తీసిన చిత్రానికి ఈ గతి పట్టడం విచారకరం.

తెలుగుకు ఇంతటి లోపం లేదుకాని మరొక సందిగ్ధత ఉంది. పేరులో ‘తెలుగు’ అని ఉన్నంత మాత్రాన అది మూలభాష కాదు. అనువాద శబ్దమార్గం ఉన్నా ఆ మాటే రాస్తారు. ఐదు భాషలు కలిపిన ఫైలులో వాటి వరుస మూలభాషను కాక, ఆ వెబ్‌సైట్ వినియోగదారులు ఎవరన్నదాన్ని సూచిస్తుంది.

7. లిప్యంతరీకరణ సమస్య

పేర్లు రోమన్ లిపిలో ఉండడం ఒకప్పుడు అనివార్యం. యూనికోడ్‌లో 1991 నుండే తెలుగు ఉంది. నేటి వ్యవస్థలు తెలుగు ఫైలు పేర్లను స్వీకరిస్తాయి. అయినా రోమన్ అలవాటు పోలేదు. రోమన్‌లో ద, డ లకు ఒకే అక్షరం వాడతారు. ల, ళ లకు భేదం లేదు. దీర్ఘాన్ని ఒకరు ఒక అక్షరంతో, మరొకరు రెండక్షరాలతో రాస్తారు. మహాప్రాణానికి ‘హెచ్’ చేర్చేవారు, తకారానికి కూడా ‘హెచ్’ చేర్చే తెలుగు అలవాటువల్ల త, థ లను కలిపేస్తారు. ‘మాయాబజార్’ ఒక మాటా, రెండు మాటలా అన్నచోటే కనీసం రెండు రూపాలు ఏర్పడతాయి. చివరి దీర్ఘంతో మూడవది.

ఒకే చిత్రానికి ఇన్ని రూపాలు ఉండడం హక్కుదారుకూ ఇబ్బందే. అక్రమ ప్రతులను గుర్తించే పనిలో మొదటి మెట్టు పేరును సరిపోల్చడం. అక్షరభేదం వల్ల తప్పించుకున్న ప్రతిని పట్టుకోవడానికి దృశ్య, శబ్ద లక్షణాలనే పోల్చే పద్ధతులు అవసరమయ్యాయి.

8. పుష్పికతో పోలిక

తాళపత్ర ప్రతి చివర లేఖకుడు రాసే పుష్పికలో గ్రంథనామం, వ్రాత ముగిసిన సంవత్సరం, తిథి, వ్రాసినవారి పేరు, ఎవరికోసం వ్రాశారన్న సంగతి ఉంటాయి. కొన్నిటిలో తప్పులను మన్నించమన్న వేడుకోలు కూడా ఉంటుంది. ఫైలు పేరులో శీర్షిక, సంవత్సరం, మూలం, ప్రతి చేసినవారి గుర్తు ఉన్నాయి. పోలిక స్పష్టమే. తేడాలు అంతకన్న బోధకాలు.

మొదటి తేడా కర్తకు సంబంధించినది. కావ్యంలో ఆశ్వాసాంత గద్య కవి వంశాన్ని, నామాన్ని చెబుతుంది; పుష్పిక లేఖకుణ్ణి చెబుతుంది. రెండూ పక్కపక్కనే నిలుస్తాయి. ఫైలు పేరులో కర్తృగద్యకు చోటు లేదు. దర్శకుడు, రచయిత, నిర్మాత ఎవరూ కనిపించరు. ప్రతి చేసినవాడి ముద్ర మాత్రం తప్పక ఉంటుంది. రెండవ తేడా కాలానికి సంబంధించినది. పుష్పికలోని సంవత్సరం ప్రతి చేసిన కాలం. ఫైలు పేరులోనిది కృతి కాలం. ప్రతి ఎప్పుడు తయారైందో పేరు చెప్పదు. అందువల్ల ప్రతుల మధ్య పౌర్వాపర్యాన్ని సంకేతీకరణ పద్ధతిని బట్టి ఊహించవలసి వస్తుంది. 2013లో వెలువడిన హెచ్‌ఈవీసీ పద్ధతిలోని ఫైలు అంతకు ముందుది కాజాలదు. లిపిస్వరూపాన్ని బట్టి శాసనకాలాన్ని అంచనా వేయడం వంటిదే ఇది.

9. చట్టంలో పేరు

పేరు చట్టపరంగా కూడా నిర్లక్ష్యం చేయదగినది కాదు. 1957 నాటి కాపీరైట్ చట్టానికి 2012లో జరిగిన సవరణ ‘హక్కుల నిర్వహణ సమాచారం’ అన్న భావనను ప్రవేశపెట్టింది. కృతి శీర్షిక, కర్త పేరు, హక్కుదారు పేరు, వాటికి ప్రతినిధిగా నిలిచే సంఖ్య లేదా సంకేతం ఇందులోకి వస్తాయి. అధికారం లేకుండా, తెలిసి, దాన్ని తొలగించడం లేదా మార్చడం 65బి సెక్షన్ ప్రకారం రెండేళ్ల వరకు జైలుకు, జరిమానాకు తగిన నేరం. చౌర్యం కృతికే పరిమితం కాదనీ, కృతి గుర్తింపును చెరపడం దానికదే అపరాధమనీ చట్టం గుర్తించింది.

2023 నాటి సినిమాటోగ్రాఫ్ సవరణ చట్టం థియేటర్‌లో రికార్డు చేయడాన్నీ, అక్రమ ప్రతి ప్రదర్శనను ప్రత్యేకంగా నిషేధించింది. శిక్ష మూడు నెలల నుండి మూడేళ్ల వరకు జైలు, 3 లక్షల రూపాయల నుండి చిత్రనిర్మాణ వ్యయంలో 5 శాతం వరకు జరిమానా. వెబ్‌సైట్ పేరు మార్చి తిరిగి వచ్చే ఎత్తుగడకు ప్రతిగా 2019లో ఢిల్లీ హైకోర్టు, కొత్తగా పుట్టే ప్రతిరూపాలకూ వర్తించే నిషేధ ఉత్తర్వును ఆమోదించింది. మారే పేరును వెంబడించే ఉత్తర్వు అది.

థియేటర్ ప్రతిలోనూ కంటికి కనిపించని ఒక పేరు దాగి ఉంటుంది. డిజిటల్ సినిమా ప్రమాణాల ప్రకారం ప్రదర్శన యంత్రం దృశ్యశబ్దాలలో 35 బిట్ల గుర్తును నిక్షేపిస్తుంది. ప్రదర్శన స్థలం, పదిహేను నిమిషాల కచ్చితత్వంతో సమయం అందులో ఉంటాయి. దొంగ తనకు నచ్చిన పేరు పైన పెట్టుకున్నా, లోపలి గుర్తు అది ఏ థియేటర్‌లో, ఏ ఆటలో తీసినదో పట్టిస్తుంది.

10. పరిశోధకులకు సూచనలు

పాతచిత్రాలు నశించిపోవడం వాస్తవం. 1921 నాటి ‘భీష్మప్రతిజ్ఞ’ నేడు లభించదు. 2003 జనవరిలో పుణెలోని జాతీయ చలనచిత్ర భాండాగారంలో జరిగిన అగ్నిప్రమాదం పాత నైట్రేట్ ఫిల్ములను పెద్దఎత్తున బలిగొన్నది. ఇటువంటి నష్టాలను చూపి, అక్రమ ప్రతులే రేపటి భాండాగారమని వాదించేవారున్నారు. ఆ వాదం ఒక సంగతిని విస్మరిస్తుంది. ప్రతి నిలిచినంత మాత్రాన చరిత్ర నిలవదు. ప్రతి ఏదన్నది చెప్పగల నమ్మదగిన వివరణ నిలవాలి. కర్తలను విడిచి, మూలాన్ని పెంచి చెప్పి, భాషను తప్పుగా చూపే పేరు ఆ పని చేయలేదు. అంతేకాక చిన్న పెట్టుబడితో వచ్చిన దక్ఖనీ చిత్రం వంటివాటికి ప్రతి అక్రమ ప్రతీ తదుపరి చిత్రం అవకాశాన్ని తగ్గిస్తుంది.

కనుక చిత్రాన్ని ఉదహరించేటప్పుడు ఫైలు పేరును ఆధారం చేసుకోరాదు. చిత్రం ప్రారంభంలో కనిపించే ధ్రువపత్రంలోని సంఖ్య, తేదీ, భాష, నిడివి నమోదు చేయాలి. శీర్షికను తెరపై ఉన్న లిపిలోనే రాయాలి. చూసిన ప్రతి నిడివి ధ్రువపత్రంలోని నిడివికి తగ్గితే ఆ సంగతి చెప్పాలి. కళాశాల గ్రంథాలయాలు దక్ఖనీ చిత్రాలను, డిస్కులను సూచికలో చేర్చేటప్పుడు ‘హిందీ’తో సరిపెట్టక 639-3లోని ‘డీసీసీ’ సంకేతాన్ని వాడాలి. మార్క్ 21 పద్ధతిలోని 041 క్షేత్రం, ఏ ప్రమాణం నుండి తీసుకున్నదో పేర్కొంటూ, అటువంటి సంకేతాన్ని అనుమతిస్తుంది. ఖర్చు లేని పని ఇది; ఫలితం మాత్రం శాశ్వతం.

11. ముగింపు

ఈ పరిశీలనలో తేలిన అంశాలు:

• పైరసీ ఫైలు పేరు నియత పదక్రమం, పరిమిత పదజాలం గల కృత్రిమ భాషారూపం. సాంకేతిక పరిమితులు, పోటీలో ప్రాథమ్యాన్ని నిర్ణయించే అవసరం దాన్ని రూపొందించాయి.

• భారతీయ సందర్భంలో ప్రకటనల రాబడి ఆ రూపాన్ని మార్చింది. గుర్తింపు కోసం పుట్టిన పేరు ఆకర్షణ సాధనమైంది. మూలసూచక పదాలకు అర్థాపకర్షం కలిగింది.

• ‘700ఎంబీ’ వంటి అంగాలు గతించిన మాధ్యమాల చరిత్రను భద్రపరుస్తాయి.

• భాషాసూచిలో దక్ఖనీకి చోటు లేకపోవడం వల్ల హైదరాబాద్ పాతబస్తీ చిత్రాలు హిందీ ఖాతాలో కలిసిపోతున్నాయి. ప్రమాణసంకేతం ఉన్నా వినియోగంలోకి రాలేదు.

• పుష్పిక వలె ఫైలు పేరు కూడా పరిశోధనకు ఉపకరించే సామగ్రి. అయితే అది ప్రతిని గురించిన సాక్ష్యం మాత్రమే, కృతిని గురించిన ప్రమాణం కాదు.

చౌర్యప్రతులకు పేర్లు పెట్టేవారు చూపిన క్రమశిక్షణలో కొంతైనా సక్రమ ప్రతులను వివరించడంలో విశ్వవిద్యాలయాలు, గ్రంథాలయాలు చూపగలిగితే, తెలుగు చిత్రాల చరిత్రకూ, దాని సోదరభాషయైన దక్ఖనీ చిత్రాల చరిత్రకూ గట్టి పునాది ఏర్పడుతుంది.